పర్మిట్ లేదు, వెళ్ళింది

నేను ఊరి బడిలో అయిదో తరగతి దాకా చదివాను. ఆ పైన బడి లేదు, ఉన్నా పంపే స్తోమత మా నాన్నకు లేదు. ఆ చదువుతోనే మా తాగునీటి సంఘాన్ని ఇరవై రెండేళ్లు నడిపాను. ఏటి ఒడ్డున పంపు గది కట్టించింది నేను. మూడు వీధులకు గొట్టాలు వేయించింది నేను. కాలినడక వంతెన కోసం ఆఫీసుల చుట్టూ చెప్పులరిగేలా తిరిగింది నేను. ఇసుక లారీల మీద పెద్ద కోర్టుకు వెళ్లి స్టే తెచ్చిందీ నేనే. సంఘం పాతికేళ్ల సంచికకు ఇవన్నీ రాసివ్వమని కార్యదర్శి అడిగాడు. రాశాను, ఇదిగో, అయిపోయింది. మిగిలిన చోటు నా బావమరిదికి ఇస్తున్నాను.

నా భార్యకు ఒక్కగానొక్క తమ్ముడు. నాకన్నా పదకొండేళ్లు చిన్న. ఏటి దారిలో, మా ఇంటికి మైలు దూరంలో ఉన్న గనుల శాఖ చెక్‌పోస్టులో గుమాస్తా. భార్య పోయాక రెండు వీధుల అవతల ఒక గదిలో ఒక్కడే ఉండేవాడు. సాయంత్రం డ్యూటీ దిగి నేరుగా మా ఇంటికే వచ్చేవాడు. అక్క ఇచ్చిన టీ తాగి, పేపరు మొదటి అక్షరం నుంచి చివర అచ్చేసినవాళ్ల చిరునామా దాకా చదివి గానీ లేచేవాడు కాదు.

చెక్‌పోస్టు అంటే పెద్దగా ఊహించుకోకండి. రేకుల కప్పు వేసిన చిన్న గది. రోడ్డువైపు కిటికీ, కిటికీ ముందు బల్ల. బల్లకు ఒక కాలు పొట్టి, దాని కింద మడిచిన అట్ట. గోడకు గడియారం. ఇనుప బీరువా నిండా రిజిస్టర్లు. బయట రోడ్డుకు అడ్డంగా దించడానికి ఎర్ర చారల ఇనుప గొట్టం ఒకటి. అది ఎప్పుడూ ఆకాశం కేసి చూస్తూ ఉండేది. అది ఎందుకలా ఉండేదో ముందు చెప్పాలి.

ఆ పోస్టులో రెండు ఉద్యోగాలు. లారీల వివరాలు రాసే గుమాస్తా ఒకడు, లారీలు ఆపే గార్డు ఒకడు. గార్డు రిటైరై పదకొండేళ్లయినా ఆ స్థానంలో ఎవరినీ వేయలేదు. మొదట్లో పర్మిట్ లేని లారీ వస్తే నా బావమరిదే పరుగున వెళ్లి గొట్టం దించేవాడు. ఒకరోజు అధికారి జీపులో వచ్చి, "రాయడం నీ పని. ఆపడం నీ పని కాదు. ఎవరి పని వాళ్లు చూసుకుంటేనే ఆఫీసు నడుస్తుంది" అని చెప్పి పోయాడు. నోటిమాటగానే చెప్పాడు, కాగితం మీద పెట్టలేదు.

అప్పటి నుంచి అతను రాస్తూ పోయాడు. లారీ నంబరు, డ్రైవరు పేరు, టైము, పర్మిట్ నంబరు. చివరి గడిలో, పర్మిట్ చూపిస్తే "పర్మిట్ ఉంది, వెళ్ళింది" అనీ, చూపించకపోతే "పర్మిట్ లేదు, వెళ్ళింది" అనీ. పక్కన పొడి సంతకం. చేతిరాత ముత్యాల్లా ఉండేది. ఏ పేజీ తీసినా కొట్టివేత ఉండేది కాదు. నా అర్జీలన్నీ రాసిపెట్టింది అతనే. మాట నాది, రాత అతనిది.

లారీ డ్రైవర్లు అతన్ని "పుస్తకం బాబాయ్" అనేవాళ్లు. ఒకసారి నేను అక్కడ కూర్చుని ఉండగానే ఒక డ్రైవరు కిటికీలోంచి తల దూర్చాడు.

"పుస్తకం బాబాయ్, రోజూ నన్ను రాసి రాసి నీకు విసుగు రావడం లేదా? ఒక్కరోజు మరిచిపోరాదూ!"

"నువ్వు రావడం మరిచిపో, నేను రాయడం మరిచిపోతాను" అన్నాడు ఇతను తల ఎత్తకుండా. "నిన్నటికంటే పావుగంట ఆలస్యమేం?"

"టైరు పంక్చరయింది. అది కూడా రాస్తావా?"

"దానికి గడి లేదు."

డ్రైవరు పగలబడి నవ్వుకుంటూ పోయాడు. ఇతను మాత్రం నవ్వలేదు. నిజంగానే దానికి గడి లేదు.

నేను కోర్టుకు ఎందుకు వెళ్లానంటే, ఇసుక తవ్వి తవ్వి ఏటి అడుగు రెండు నిలువుల లోతుకు దిగిపోయింది. పంపు గది పునాది రాళ్లు బయటపడ్డాయి. గొట్టంలోకి నీటితోపాటు గాలి రావడం మొదలైంది. ఎండాకాలంలో మూడో వీధికి చుక్క నీరు ఎక్కలేదు. ఏడాదిన్నర తిరిగి స్టే తెచ్చాను. మా ఒడ్డున ఉన్న ఇసుక రేవు నుంచి ఇసుక తీయరాదు, తరలించరాదు అని ఉత్తర్వు. ఆ కాగితం చేతిలోకి వచ్చిన రోజు బస్సులో పక్కన కూర్చున్న ముక్కూ మొహం తెలియని మనిషికి కూడా చూపించాను.

ఉత్తర్వు అధికారికి అందితేగానీ పనిచేయదు. నేరుగా గనుల ఆఫీసుకు వెళ్లాను. అధికారి సెలవులో ఉన్నాడు. కాగితాలు తీసుకునే బల్ల దగ్గర గుమాస్తా దాన్ని ముట్టుకోనైనా లేదు.

"పోస్టులో పంపండి" అన్నాడు.

"పోస్టు చేరడానికి వారం పడుతుంది. ఈలోగా ఏరంతా ఎత్తుకుపోతారయ్యా!"

"ఏరు నాది కాదుగా, పెద్దాయనా" అన్నాడు.

ఒళ్లు మండిపోయింది. తిరుగు బస్సులో చెక్‌పోస్టు దగ్గర దిగాను. అది కూడా ఆ శాఖదే. ఆఫీసు ముద్ర అక్కడా ఒకటుంది. కాగితం బావమరిది ముందు పెట్టి, "అందినట్టు సంతకం పెట్టి ముద్ర కొట్టు" అన్నాను.

అతను కాగితం అంతా చదివాడు. "బావా, ఇది మా అధికారిగారి పేరు మీద ఉంది. నేను తీసుకోవచ్చా?"

"నువ్వు ఆ ఆఫీసు మనిషివి కావట్రా? నీ దగ్గరున్న ముద్ర ఆ ఆఫీసుది కాదా?"

"అవుననుకో..."

"మరి నీళ్లు నములుతావేం? పెట్టు."

పెట్టాడు. ఆ మాట అన్నది నేను. అతను నా మాట ఏనాడూ తీసివేయలేదు, అదే అతను చేసిన తప్పు. నాకు మాత్రం ఆ సాయంత్రం ఛాతీ ఇంత లావున పొంగింది. వచ్చిన రోజే ఉత్తర్వు అందజేసిన మొనగాణ్ణి నేనేనని లాయరుగారికి ఫోనులో చెప్పుకున్నాను. లాయరుగారు పోస్టులో పంపిన ప్రతి మాత్రం "తలుపు తాళం" అని రాసి తిరిగొచ్చింది.

శనివారం ఆఫీసు జీపు టపా సంచి తీసుకెళ్లడానికి వస్తుంది. అతను ఉత్తర్వును సంచిలో పెట్టి, టపా పుస్తకంలో రాసుకుని పంపాడు. జీపు డ్రైవరు ఏనాడూ ఆ పుస్తకంలో సంతకం పెట్టడు, అక్కడి పద్ధతే అంత. కాగితం పైకి చేరింది. లారీలు మాత్రం ఆగలేదు. పట్టపగలు, ఒకదాని వెనక ఒకటి, తడి ఇసుక నీళ్లు రోడ్డంతా కారుస్తూ పోయాయి. ఇతను కిటికీ దగ్గర కూర్చుని "పర్మిట్ లేదు, వెళ్ళింది" అని రాస్తూనే ఉన్నాడు.

"ఇదంతా కోర్టు ధిక్కారమేనా బావా?" అని అడిగాడు ఒకరోజు.

"ధిక్కారం కాక? అధికారిని జైల్లో కూర్చోబెడతాను చూడు. ఏదీ, ఆ రిజిస్టరు ఇలా తే."

తెచ్చిచ్చాడు. "చూసుకో. ఒక్క బండి తప్పిపోలేదు" అన్నాడు. ఆ గొంతులో గర్వం నాకు ఇప్పటికీ వినిపిస్తుంది. స్టే తరవాతి నలభై రోజుల్లో నాలుగు వందల పన్నెండు లారీలు. ప్రతి పేజీ ఫోనులో ఫొటో తీశాను. టపా పుస్తకం కూడా పక్కనే ఉంది. దాన్ని ఫొటో తీయాలని నాకు తట్టలేదు.

ధిక్కార పిటిషన్ వేశాం. అధికారినీ, అతని కిందివాళ్లు ఇద్దరినీ ప్రతివాదులుగా పెట్టాం. సాక్ష్యం ఆ రిజిస్టరే. ఉత్తర్వును ప్రతివాది కార్యాలయంలో స్వయంగా అందజేశానని నా అఫిడవిట్టులో లాయరుగారు రాశారు. చదివి సంతకం పెట్టాను.

వారం తిరగకముందే పై ఆఫీసువాళ్లు వచ్చి తనిఖీ పేరుతో చెక్‌పోస్టు పుస్తకాలన్నీ ఎత్తుకుపోయారు. రిజిస్టర్లు తిరిగిచ్చారు. టపా పుస్తకం ఇవ్వలేదు. అది అసలు లేదన్నారు.

అధికారులు కోర్టుకు ఇచ్చిన జవాబు రెండే పేజీలు. ఉత్తర్వు తమకు చేరలేదట. చెక్‌పోస్టు గుమాస్తా సంతకం చేసి తీసుకుని, పైకి పంపకుండా దాచి, తెలిసి తెలిసి లారీలు వదిలాడట. రుజువుగా రెండు కాగితాలు జతచేశారు. ఒకటి నేను పెట్టించిన సంతకం, రెండోది నేను తీసిన ఫొటోలు. జడ్జిగారు గుమాస్తాను నాలుగో ప్రతివాదిగా చేర్చి నోటీసు పంపమన్నారు.

నోటీసు వచ్చిన సాయంత్రం అతను దాన్ని మడత పెట్టకుండా రెండు చేతుల్లో పట్టుకుని మా ఇంటికి వచ్చాడు. నా భార్య టీ గ్లాసు కింద పెట్టి నా వైపు తిరిగింది.

"అధికారిని జైల్లో పెడతానన్నారు. పెట్టారా?"

"ఆగవే, ఇంకా..."

"ఊరందరికీ నీళ్లు తేవడానికి వెళ్లి మా తమ్ముడి నోట్లో మట్టి కొట్టారు. ఇది కూడా రాసుకోండి మీ సంఘం పుస్తకంలో!"

"అక్కా, బావనేం అనకు. కోర్టులో రాతే చూస్తారు. నా రాతలో తప్పు లేదు" అన్నాడు అతను.

మూడు వాయిదాలకు నేనూ, నా భార్యా, అతనూ ముగ్గురం కలిసే వెళ్లాం. కోర్టు వరండాలో బెంచీలు చాలక జనం గోడలకు జారబడి కూర్చునేవాళ్లు. అతను ఇస్త్రీ చొక్కా వేసుకుని, రెండు పెన్నులు జేబులో పెట్టుకుని, ఎవరైనా పిలుస్తారేమోనని కోర్టు హాలు గుమ్మం వైపే చూస్తూ నిలబడేవాడు. అధికారి మా పక్కనుంచే వెళ్లాడు. ఇతను అలవాటుగా వంగి నమస్కారం పెట్టాడు. అధికారి చూడనట్టు పోయాడు.

రెండో వాయిదా రోజు లాయరుగారి గదిలో నేను పట్టుబట్టాను. "సంతకం పెట్టించింది నేనేనని జడ్జిగారికి చెబుతాను."

లాయరుగారు కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టారు. "చెప్పండి. ఉత్తర్వు అధికారికి సరిగ్గా అందనేలేదని మీ నోటితోనే ఒప్పుకున్నట్టు. పిటిషన్ అక్కడికక్కడే కొట్టేస్తారు. రేపు పొద్దున్నుంచి లారీలే లారీలు. చెప్పమంటారా?"

ఇరవై రెండేళ్లలో ఎన్ని సభల్లో మాట్లాడానో లెక్కలేదు. ఎదటివాడు ఎంతటివాడైనా మాట పడనివ్వలేదు. ఆ గదిలో మాత్రం నోరు పెగల్లేదు. పంపు గది ఒకవైపు, బావమరిది ఒకవైపు. నేను పంపు గది వైపు ఉండిపోయాను.

"వేరే దారి ఉంది" అన్నారు లాయరుగారు. "క్షమాపణ. అధికారులు ఎలాగూ చెబుతున్నారు. ఇతను కూడా చెబితే జడ్జిగారు వదిలేస్తారు. చెప్పకపోతే జైలు కూడా పడొచ్చు."

మూడో వాయిదాకు క్షమాపణ అఫిడవిట్టు టైపు చేసి తెచ్చారు. "నిర్లక్ష్యం వల్ల సదరు ఉత్తర్వును పై అధికారులకు పంపలేదు. అందుకు బేషరతుగా క్షమాపణ వేడుకుంటున్నాను" అని ఉంది. అతను ఆ ఒక్క పేజీని రెండుసార్లు చదివాడు.

"బావా, ఇలా జరగలేదు కదా."

"జరగలేదురా. ఎవరు కాదన్నారు?"

"పంపాను. శనివారం. జీపులో. నువ్వు నమ్ముతావా?"

"నేను నమ్మితే ఏం లాభం? ఇది మాటవరసకు రాసే కాగితం. ఒక్క సంతకం పెట్టేసి ఇంటికి పోదాం పద. మీ అక్క పొద్దున్నుంచి పచ్చి మంచినీళ్లు కూడా ముట్టలేదు."

"ఇరవై ఆరేళ్లు జరిగిందే రాశాను బావా. లేనిది ఒక్క గీత రాయలేదు."

"ఒక్కటికి ఏమవుతుంది?" అన్నాను నేను.

అతను నా మొహంలోకి చూశాడు. తరవాత జేబులోంచి పెన్ను తీసి, కాగితం కింద అట్ట పెట్టుకుని, సంతకం చేశాడు. పొడి సంతకం కాదు, పూర్తి పేరు.

జడ్జిగారు మంచివారే. అధికారుల క్షమాపణ అంగీకరించి, ఇకపై జాగ్రత్తగా ఉండమన్నారు. గుమాస్తాను గట్టిగా మందలించి, వయసును చూసి వదిలేస్తున్నామన్నారు. స్టేని తు.చ. తప్పకుండా అమలు చేయమన్నారు. మొత్తం పది నిమిషాలు పట్టింది. సంఘంలో నాకు చప్పట్లు కొట్టారు. గార్డు ఉద్యోగం భర్తీ చేశారు. ఇనుప గొట్టం కిందికి దిగింది. నేను వెళ్లి ఆ గొట్టం మీద చెయ్యి వేసి మరీ చూసొచ్చాను.

పంతొమ్మిది రోజులు లారీలు ఆగాయి. ఇరవయ్యో రోజు ఏటికి అవతలి ఒడ్డున, అర మైలు ఎగువన, కొత్త రేవు తెరిచారు. ఉత్తర్వులో ఉన్నది ఇవతలి రేవు పేరు ఒక్కటే. ఏరు మాత్రం ఒక్కటే కదా. పంపు గది తూర్పు గోడ ఇప్పుడు చేతి వేలు దూరేంత బీట తీసింది.

అదే నెలలో అతనికి శాఖ నుంచి ఛార్జి మెమో వచ్చింది. నీవే కోర్టులో ప్రమాణం చేసి ఒప్పుకున్న నిర్లక్ష్యానికి నిన్ను ఉద్యోగం నుంచి ఎందుకు తొలగించరాదో తెలుపుము అని. జతచేసిన రుజువు ఆ అఫిడవిట్టే. రిటైరు కావడానికి ఇంకా ఏడాదిన్నర ఉంది.

నా భార్య ఈసారి నన్ను ఏమీ అనలేదు. అదే భరించలేకపోయాను. నాలుగు రోజులు కూర్చుని నా చేత్తో నేనే రాశాను. సంతకం నేనే బలవంతంగా పెట్టించాను, అతను శనివారం టపాలో పంపాడు, క్షమాపణ కూడా నా మాట మీదే చేశాడు, తప్పంతా నాది అని. రెండు పేజీలు. ఇద్దరం గనుల ఆఫీసుకు వెళ్లాం. అతన్ని బయట బెంచీ మీద కూర్చోబెట్టి నేను లోపలికి వెళ్లాను.

అధికారి మర్యాదగా కూర్చోమన్నాడు. కాగితం మొత్తం చదివాడు. బీరువాలోంచి ఫైలు తెప్పించి, అందులో ఒక పేజీ నా వైపు తిప్పి పెట్టాడు.

"ఇది మీ సంతకమేనా?"

నాదే. ఉత్తర్వును కార్యాలయంలో స్వయంగా అందజేశానని చెప్పిన అఫిడవిట్టు.

"కోర్టులో ప్రమాణం చేసి ఒకటి చెప్పారు. ఇప్పుడు ఇంకొకటి రాసిచ్చారు. ఇది నేను తీసుకుంటే కోర్టుకు పంపక తప్పదు. అబద్ధపు అఫిడవిట్టు ఇచ్చినందుకు మీ మీద కేసు పడుతుంది. స్టే కూడా ఎగిరిపోవచ్చు. మీ ఇష్టం పెద్దాయనా. తీసుకోమంటే తీసుకుంటాను."

గదిలో ఫ్యాను తిరుగుతోంది. నా కాగితం రెపరెపలాడకుండా అతను దాని మీద పేపరు వెయిటు పెట్టాడు. నేను ఊళ్లో పేరున్న మనిషిని. డెబ్బయ్యేళ్ల వయసులో దొంగ ప్రమాణం చేశాడని బోనులో నిలబడితే ఎలా ఉంటుందో కళ్ల ముందు కనిపించింది. పంపు గది గుర్తొచ్చిందని రాసుకోవచ్చు. కానీ ఆ క్షణాన నాకు పంపు గది గుర్తు రాలేదు. నేనే గుర్తొచ్చాను.

పేపరు వెయిటు పక్కకు జరిపి, కాగితం తీసుకుని, నాలుగు మడతలు పెట్టి లోపలి జేబులో పెట్టుకున్నాను.

బయటికి వచ్చేసరికి అతను బెంచీ మీంచి లేచాడు.

"ఇచ్చావా బావా?"

"ఇచ్చాను."

"రసీదు తీసుకున్నావా?"

"తరవాత పంపుతామన్నారు."

"అలా వదిలేస్తే ఎలా బావా! ముద్ర వేయించుకోవాల్సింది. ఉండు, నేను అడిగొస్తాను."

చెయ్యి పట్టుకుని ఆపాను. "పెద్దవాళ్లతో పేచీ ఎందుకురా, పంపుతారులే" అన్నాను. బస్సులో దారి పొడవునా, తన రాత ముందు నా రాత ఎలా ఉందోనని బెంగపడ్డాడు. తప్పులు పోలేదు కదా, తారీఖు వేశావు కదా అని అడుగుతూనే ఉన్నాడు.

అతన్ని ఉద్యోగం నుంచి తీసేసి పద్నాలుగు నెలలైంది. పెన్షను లేదు. ఇప్పుడు కలప డిపోలో కాపలా ఉంటున్నాడు, అక్కడ రాసే పని లేదు. సాయంత్రం మా ఇంటికి వస్తాడు. పేపరు ముందు పెడితే తిరగేసి పక్కన పెట్టేస్తాడు. వెళ్లేటప్పుడు చెప్పులు వేసుకుంటూ, "ఆ జవాబేమైనా వచ్చిందా బావా?" అని అడుగుతాడు. ఇంకా రాలేదురా అంటాను. ఆలస్యమైనా వస్తుందిలే, నీ మాటంటే వాళ్లకు గురి ఉంటుంది అని నాకే ధైర్యం చెప్పి వెళతాడు.

నిన్న కూడా అడిగాడు. నా భార్య లోపల గిన్నెలు సర్దుతోంది. ఆమెకూ తెలియదు. ఆ కాగితం ఇవ్వలేదని నోటితో చెప్పడానికి పద్నాలుగు నెలలుగా ప్రయత్నిస్తున్నాను, నావల్ల కాలేదు. అందుకని ఇక్కడ రాశాను. సంచిక అచ్చయి వచ్చాక ఎవరింటికి పంపినా పంపకపోయినా, అతనికి మాత్రం నేనే తీసుకెళ్లి ఇస్తాను. చదువుతుంటే అక్కడే ఉంటానో, ఇచ్చేసి వచ్చేస్తానో ఇప్పుడు చెప్పలేను.